ఐర్లాండ్ ఫుట్‌బాల్ స్ట్రైకర్ ట్రాయ్ పారట్ 15 ఏళ్లకే ఇంగ్లాండ్ వెళ్లడం తప్పా? 18 దాకా ఐర్లాండ్‌లో ఉంటేనే మేలా? (ఆన్‌లైన్ చర్చ, మాట్లాడేవాళ్లవి మారుపేర్లు)

పెనాల్టీ బాక్స్:

2025 నవంబర్ 13న డబ్లిన్‌లో పోర్చుగల్ మీద రెండు గోల్స్, మూడు రోజులకే బుడాపెస్ట్‌లో హంగరీ మీద మూడు. అప్పటి నుంచి ఎక్కడ చూసినా ఒకటే మాట: చిన్నప్పుడే ఇంగ్లాండ్ పంపారు కాబట్టే పారట్ ఇంతవాడయ్యాడని. నా లెక్క దానికి పూర్తిగా ఎదురు.

పారట్ పుట్టింది 2002 ఫిబ్రవరిలో, డబ్లిన్ నడిబొడ్డున. బెల్వెడేర్ అనే పిల్లల క్లబ్ నుంచి 2017 వేసవిలో లండన్ క్లబ్ టోటెన్‌హామ్ చేరాడు. 2019 డిసెంబర్‌లో బర్న్‌లీ మీద 5-0 గెలిచిన రోజు చివర్లో దించారు, మ్యాచ్ అయ్యాక అప్పటి కోచ్ మోరీన్యో ఆ బంతిని తెచ్చి అతని చేతిలో పెట్టాడు. ఆ తర్వాత అన్నీ లోన్లే, అంటే సొంత క్లబ్ కాంట్రాక్టులోనే ఉంటూ కొంతకాలం వేరే క్లబ్‌కు ఆడటం. మిల్‌వాల్‌లో ఒక్క గోల్ లేదు. అదే సీజన్ రెండో సగంలో ఇప్స్‌విచ్, 2. 2021-22లో ఎంకే డాన్స్, లీగ్‌లో 8. 2022-23లో ప్రెస్టన్, 3. 2023-24లో నెదర్లాండ్స్‌లోని ఎక్సెల్సియర్, లీగ్‌లో 10, అన్నీ కలిపి 17. టోటెన్‌హామ్ పెద్ద జట్టుకు ఆడింది మొత్తం 4 మ్యాచ్‌లు. 22 ఏళ్లకు నెదర్లాండ్స్ క్లబ్ ఏజెడ్ ఆల్క్‌మార్‌కు అమ్మేశారు, అక్కడ మొదటి సీజన్‌లోనే 20 గోల్స్ కొట్టాడు.

అంటే 18 నుంచి 21 దాకా, ఒక స్ట్రైకర్‌కు వారం వారం మ్యాచ్ కావాల్సిన వయసులో, నాలుగు క్లబ్బులు, నాలుగు డ్రెస్సింగ్ రూములు. లీగ్ ఆఫ్ ఐర్లాండ్ ప్రీమియర్ డివిజన్‌లో 10 జట్లు, ఒక్కో జట్టుతో నాలుగేసి సార్లు, మొత్తం 36 మ్యాచ్‌లు. అక్కడ రెండు సీజన్లు పెద్దవాళ్లతో ఆడి, 18కి వెళ్తే ఈ తిరుగుడంతా తప్పేది. బ్రెగ్జిట్ వల్ల ఇప్పుడు 18 లోపు ఐరిష్ కుర్రాళ్లు ఇంగ్లాండ్ క్లబ్బుల్లో చేరలేరు. అందరూ దాన్ని తిట్టుకుంటున్నారు. నేను మాత్రం మంచే జరిగిందంటాను.

ఎడమకాలు:

అన్నా, 2017లో ఉన్న ఐర్లాండ్ వేరు, ఇప్పటి ఐర్లాండ్ వేరు. అది కలిపేశారు మీరు.

అండర్-15 జాతీయ లీగ్ మొదలైందే 2017లో. అంటే పారట్ విమానం ఎక్కిన ఏడాది. బెల్వెడేర్‌కు పెద్ద లీగ్‌లో జట్టే లేదు, అక్కడ పైకెళ్లే మెట్టు లేదు. ఉండిపోవాలన్నా డబ్లిన్‌లోని పెద్ద లీగ్ క్లబ్బులు షామ్‌రాక్ రోవర్స్‌కో బోహీమియన్స్‌కో మారాల్సిందే. అక్కడైనా సాయంత్రం బడి వదిలాక వారానికి మూడు నాలుగు సార్లు ప్రాక్టీసు. పూర్తి జీతం మీద పనిచేసే అకాడమీ కోచ్‌లు ఇప్పటికీ దేశం మొత్తంలో చాలా తక్కువ. టోటెన్‌హామ్ అకాడమీలో అదే వయసు కుర్రాడికి రోజూ శిక్షణ, ఫిజియో, వీడియో చూపించి తప్పు దిద్దే మనిషి, తన ఈడు వాళ్లలో దేశంలోనే గట్టి డిఫెండర్లతో పోటీ. మొదటి స్పర్శ (వచ్చిన బంతిని తొలి తాకుడులోనే అదుపు చేయడం), ఒత్తిడిలో తిరగడం లాంటివి 15-17 మధ్య వంటబట్టకపోతే తర్వాత రావడం కష్టం.

18-21 మధ్య లోన్లు సరిగా ఎంచలేదంటే ఒప్పుకుంటా. కానీ ఆ తప్పు 15 ఏళ్లకు తీసుకున్న నిర్ణయం మీద వేయకండి.

నిబంధనల పుస్తకం:

వాదనకు ముందు నిబంధన సరిగ్గా పెట్టుకుందాం. చాలామంది "బ్రెగ్జిట్ చట్టం" అంటున్నారు. అసలు అడ్డు ప్రపంచ ఫుట్‌బాల్ సంఘం ఫిఫా ట్రాన్స్‌ఫర్ నిబంధనల్లో 19వది. 18 నిండని వాళ్లను దేశం దాటించి రిజిస్టర్ చేయకూడదన్నది మూల సూత్రం. దానికి కొన్ని మినహాయింపులున్నాయి. తల్లిదండ్రులు ఫుట్‌బాల్‌తో సంబంధం లేని కారణంతో ఆ దేశానికి మారితే ఒకటి. ఇల్లు, క్లబ్ రెండూ సరిహద్దుకు 50 కిలోమీటర్లలోపు ఉంటే, వాటి మధ్య దూరం 100 మించకపోతే ఇంకొకటి. యూరోపియన్ యూనియన్ లోపల 16-18 వయసువాళ్లు మారడం మరొకటి, దానికి క్లబ్ చదువు, బస, బాగోగులు చూసే మనిషిని చూపించాలి. ఈ చివరి దాని కిందే ఐరిష్ పిల్లలు 16కి ఇంగ్లాండ్‌లో సంతకం చేసేవాళ్లు. 2021 నుంచి బ్రిటన్ ఆ యూనియన్ లెక్కలో లేదు, తలుపు మూసుకుంది.

మూసుకుంది ఇంగ్లాండ్ వైపు మాత్రమే. 16కి ఇటలీ, జర్మనీ, నెదర్లాండ్స్ వెళ్లొచ్చు. షామ్‌రాక్ రోవర్స్ నుంచి కెవిన్ జెఫీ 2021లో 16 ఏళ్లకు ఇంటర్ మిలాన్ వెళ్లాడు. పెద్ద జట్టుకు ఆడకుండానే అక్కడి నుంచి బయటికొచ్చాడు కూడా. కాబట్టి "18 దాకా ఇంట్లోనే ఉంచే నిబంధన" అనడం సగమే నిజం.

ఇక 18 నిండాక ఐరిష్ పౌరులకు ఇంగ్లాండ్‌లో విదేశీ ఆటగాళ్లు వర్క్ పర్మిట్‌కు చూపాల్సిన పాయింట్ల గొడవ లేదు. రెండు దేశాల మధ్య ఉన్న ఉమ్మడి ప్రయాణ ఒప్పందం వల్ల నేరుగా వెళ్లి ఆడొచ్చు. బ్రెజిల్ కుర్రాడికి, ఫ్రాన్స్ కుర్రాడికి ఈ వెసులుబాటు లేదు.

లెక్కల మాస్టారు:

ఈ చర్చలో చిన్న క్లబ్ జేబు సంగతి ఎవరూ ఎత్తడం లేదు. అది చూస్తే పెనాల్టీ బాక్స్ గారి వైపే మొగ్గాల్సి వస్తుంది.

ఒక ఆటగాడు దేశం దాటి అమ్ముడైన ప్రతిసారీ ఫీజులో 5 శాతం అతన్ని 12 నుంచి 23 ఏళ్ల మధ్య పెంచిన క్లబ్బులకు పంచాలి. 12-15 సీజన్లకు ఒక్కోదానికి మొత్తం ఫీజులో 0.25 శాతం. 16 నుంచి 23 దాకా ఒక్కోదానికి 0.5. పారట్‌ను ఏజెడ్ కొన్నది పత్రికల్లో వచ్చిన ప్రకారం సుమారు 80 లక్షల యూరోలకు. 12, 13, 14, 15 సీజన్లు నాలుగూ ఒకే క్లబ్‌లో గడిచాయనుకుంటే దానికి వచ్చేది 1 శాతం, 80,000 యూరోలు. ఇంకో రెండే సీజన్లు ఐర్లాండ్‌లో ఉండి వెళ్తే అదనంగా మరో 80,000 ఐర్లాండ్‌కు దక్కేది. అది కాస్తా టోటెన్‌హామ్ ఖాతాలో ఉండిపోయింది.

శిక్షణ పరిహారం ఇంకా పెద్ద తేడా. అది మొదటి ప్రొఫెషనల్ కాంట్రాక్టు అప్పుడు కొత్త క్లబ్ కట్టేది. 12-15 సీజన్లకు ఎంత పెద్ద క్లబ్ తీసుకెళ్లినా ఏడాదికి 10,000 యూరోలే. నాలుగేళ్లకు 40,000. 16 నుంచి మాత్రం తీసుకెళ్లే క్లబ్ వర్గాన్ని (శిక్షణ ఖర్చును బట్టి క్లబ్బులకు ఇచ్చే స్థాయి) బట్టి, ఇంగ్లాండ్ మొదటి వర్గం అయితే ఏడాదికి 90,000. ఆ రెండేళ్లు ఉంటే మరో 1,80,000. ఒక పిల్లల క్లబ్‌కు ఆ డబ్బుతో ఒక కోచ్ జీతం ఎన్నేళ్లు గడుస్తుందో ఆలోచించండి.

ఒక మెలిక: యూనియన్ లోపల చిన్న వర్గం నుంచి పెద్ద వర్గానికి వెళ్తే రెండింటి సగటు తీసుకుంటారు. అందుకే ఇటలీకి వెళ్లే కుర్రాడి మీద ఐరిష్ క్లబ్‌కు వచ్చేది ఇంగ్లాండ్‌కు వెళ్లేవాడి కంటే తక్కువ.

తొమ్మిదో నంబర్:

మాస్టారూ, క్లబ్‌కు మంచిది కుర్రాడికి మంచిది కానక్కర్లేదు. నేను లోన్ల దగ్గరే ఆగుతాను, అసలు జవాబు అక్కడే ఉంది.

మిల్‌వాల్‌లో ఆడింది ప్రేక్షకుల్లేని కోవిడ్ సీజన్, పైగా గాయాలు. దాన్ని పక్కన పెడదాం. ప్రెస్టన్ చూడండి. 2022-23 మొదటి 7 లీగ్ మ్యాచ్‌ల్లో ఆ జట్టు ఒక్క గోల్ ఇవ్వలేదు, కొట్టింది మాత్రం రెండే. అందులో ఐదు 0-0. అలాంటి జట్టులో స్ట్రైకర్ పనేంటి? గోల్‌కు వీపు పెట్టి నిలబడి, పైనుంచి వచ్చే పొడుగు బంతి కోసం డిఫెండర్‌తో గుద్దుకోవడం. పెనాల్టీ బాక్స్‌లో అతనికి బంతే రాదు. అక్టోబర్‌లో నార్విచ్ మీద గోల్ కొడుతూనే తొడ వెనక కండరం పట్టేసి వారాల తరబడి బయటే. 3 గోల్స్ అని చదివితే కుర్రాడి లోపం అనిపిస్తుంది. నిజానికి ఆ లోన్ ఎంచినవాడి లోపం అది.

ఎంకే డాన్స్‌లో బంతిని నేల మీదే పాస్ చేస్తూ ఆడే జట్టు దొరికింది, కానీ అతన్ని కాస్త పక్కగా, వెనకగా ఆడించారు. ఎక్సెల్సియర్‌లో మాత్రం నట్టనడుమ. జట్టు చివరికి రెండో డివిజన్‌కు పడిపోయింది, అయినా అతను 17 కొట్టాడు. లోన్ చూసేటప్పుడు డివిజన్ పేరు చూసి మోసపోతారు. చూడాల్సింది: ఆ కోచ్ ఒక స్ట్రైకర్‌తో ఆడిస్తాడా ఇద్దరితోనా, ఆ జట్టు బాక్స్‌లోకి ఎన్ని బంతులు పంపుతుంది, ఆ స్థానంలో ఇప్పటికే జీతం తీసుకునే సీనియర్ ఎవరైనా ఉన్నారా, కోచ్ ఉద్యోగం క్రిస్మస్ దాకా నిలుస్తుందా. కోచ్ మారితే లోన్ కుర్రాడే మొదట బెంచ్ మీదికి పోతాడు, ఎందుకంటే అతన్ని బాగుచేస్తే లాభం వేరే క్లబ్‌కు.

ఇప్పుడు బుడాపెస్ట్‌లో 96వ నిమిషం. ఐర్లాండ్ గోల్‌కీపర్ కెలహర్ తన వైపు నుంచి బంతిని ఎత్తి కొట్టాడు. ఐర్లాండ్ డిఫెండర్ స్కేల్స్ గాలిలో లేచి తలతో ముందుకు తోశాడు. పారట్ ఆ తలకు బంతి తగలకముందే కదిలాడు, రీప్లేలో అతని కాళ్లు మాత్రమే చూడండి. హంగరీ డిఫెండర్ బంతిని చూస్తూ నిలబడ్డాడు, ఇతను బంతి పడబోయే చోటికి పరుగెత్తాడు. హంగరీ గోల్‌కీపర్ ముందుకు దూకుతుంటే కాలు చాచి బూటు కొనతో తాకించాడు, అంతే. 80వ నిమిషం గోల్ ఇంకో రకం: తోటి ఆటగాడు అజాజ్ పంపిన బంతి, మీదికొస్తున్న కీపర్ పైనుంచి మెల్లగా ఎత్తి వేశాడు. ఆ తొణకనితనం అకాడమీలో నేర్పిందా, నెదర్లాండ్స్‌లో వారం వారం ఆడితే వచ్చిందా? నా ఓటు రెండోదానికి. కాకపోతే ఆ కాలి సాఫ్ట్‌నెస్ మొదటి దాంట్లోనిది.

పెనాల్టీ బాక్స్:

లోన్ల గురించి మీరు చెప్పింది నా వాదనకే బలం అనుకుంటున్నా. పెద్ద క్లబ్ చేతిలో ఉన్నంతకాలం ఎక్కడికి పంపాలన్నది దాని ఇష్టం. ఇంకో సంగతి: 2022 నుంచి ఫిఫా దేశం దాటే లోన్లకు పరిమితి పెట్టింది, 8తో మొదలై 2024 జులైకి 6కు దిగింది. క్లబ్ సొంతంగా పెంచిన వాళ్లకు 21 నిండిన ఏడాది ఆఖరు దాకా ఇందులో మినహాయింపు. పారట్‌కు 21 నిండింది 2023లో. 2024లో మరోసారి విదేశీ లోన్ అంటే ఆ ఆరులో ఒక చోటు ఖర్చవుతుంది. అమ్మకానికి ఇదొక్కటే కారణం అనను, కానీ ఆ తేదీల పొంతన చూడండి.

పోలికకు గావిన్ బజూను. అదే డబ్లిన్, అదే 2002 ఫిబ్రవరి. షామ్‌రాక్ రోవర్స్ పెద్ద జట్టుకు 2018లో 16 ఏళ్లకే గోల్‌లో నిలబడి, 2019లో మాంచెస్టర్ సిటీకి వెళ్లాడు. రాచ్‌డేల్, పోర్ట్స్‌మత్, రెండే లోన్లు, రెండు చోట్లా మొదటి కీపర్. 20 ఏళ్లకు సౌతాంప్టన్ కొనేసింది.

ఎడమకాలు:

గోల్‌కీపర్‌ను స్ట్రైకర్‌తో పోల్చకండి అన్నా. లోన్ తీసుకున్న కీపర్‌ను ఆడిస్తారు లేదా అసలు తీసుకోరు. స్ట్రైకర్‌ను మూడో ప్రత్యామ్నాయంగా కూడా తెచ్చుకుంటారు. సౌతాంప్టన్ మొదటి ఏడాదే దిగజారింది, 20 ఏళ్ల కీపర్ ప్రతి వారం బంతిని వల్లోంచి ఏరుకోవాల్సి వచ్చింది. అది సాఫీ దారా?

మీకు పనికొచ్చే ఉదాహరణ ఐరిష్ స్ట్రైకర్ మేసన్ మెలియా. 2007 సెప్టెంబర్‌లో పుట్టాడు. డబ్లిన్ క్లబ్ సెయింట్ పాట్రిక్స్ అథ్లెటిక్‌కు పెద్ద లీగ్‌లో ఆడుతూ ఉండగానే 2025లో టోటెన్‌హామ్ ఒప్పందం చేసుకుంది, చేరిక 2026 జనవరికి. ఐరిష్ లీగ్‌లో అప్పటికి అది రికార్డు ఫీజు. పారట్ వెళ్లిన క్లబ్‌కే, అతని కంటే మూడేళ్లు ఎక్కువ వయసులో. నాలుగేళ్లాగి ఇద్దర్నీ పక్కపక్కన పెట్టి చూద్దాం, అప్పటిదాకా ఎవరిది గెలుపో చెప్పలేం.

లూకన్ నుంచి:

నిబంధనల పుస్తకం గారూ, డబ్లిన్‌లో మన తెలుగు కుటుంబాల పిల్లలు చాలామంది క్లబ్బుల్లో ఆడుతున్నారు. ఇండియన్ పాస్‌పోర్ట్ ఉన్న 14 ఏళ్ల పిల్లవాడికి ఇవన్నీ ఇలాగే వర్తిస్తాయా?

నిబంధనల పుస్తకం:

వర్తించవండి, ఇది ముందే తెలుసుకోవాలి. ఐర్లాండ్‌లో క్లబ్‌కు రిజిస్టర్ కావడానికి ఇబ్బంది ఉండదు: అమ్మానాన్నలు ఉద్యోగం కోసం వచ్చారని చూపించాలి, లేదా పిల్లవాడు అయిదేళ్లు ఆపకుండా అక్కడే ఉండి ఉండాలి. వీసా కాగితాలు, ఉద్యోగ పత్రం, జనన ధృవీకరణ సిద్ధంగా పెట్టుకోండి, కాగితం తగ్గితే నెలలు పడుతుంది. అసలు తేడా 18 దగ్గర. ఇంగ్లాండ్‌లో పాయింట్ల బెడద లేనిది ఐరిష్ పౌరులకు, ఐర్లాండ్‌లో పెరిగిన అందరికీ కాదు. 16కి జర్మనీ వెళ్లాలన్నా అంతే, ఇండియన్ పాస్‌పోర్ట్‌తో ఐరిష్ పౌరుడికున్నంత సులువు కాదు. 2005 నుంచి ఐర్లాండ్‌లో పుట్టినంత మాత్రాన పౌరసత్వం రాదు, పుట్టకముందు నాలుగేళ్లలో మూడేళ్లు తల్లో తండ్రో చట్టబద్ధంగా ఉండి ఉండాలి, స్టూడెంట్ వీసా కాలం లెక్కలోకి రాదు. పుట్టింది ఇండియాలో అయితే అమ్మానాన్నల్లో ఒకరికి పౌరసత్వం వచ్చాక పిల్లవాడికి దరఖాస్తు పెట్టొచ్చు. అది 16 లోపే మొదలుపెట్టండి.

ఇక 18కి వెళ్లేవాళ్ల విషయంలో ఎవరూ చెప్పని ఒక గడియారం ఉంది. ఇంగ్లాండ్ పెద్ద లీగ్ అయిన ప్రీమియర్ లీగ్‌లో 25 మంది జాబితాలో "స్వదేశీ శిక్షణ" లేనివాళ్లు 17 మందికి మించకూడదు. 21 నిండే సీజన్ ఆఖరులోపు ఇంగ్లాండ్ లేదా వేల్స్ క్లబ్‌లో మూడు పూర్తి సీజన్లు, లేదా 36 నెలలు రిజిస్టర్ అయి ఉంటే ఆ ముద్ర పడుతుంది, ఏ దేశం వాడైనా సరే. 2017లో వెళ్లిన పారట్‌కు అది 21 నిండకముందే వచ్చేసింది. మెలియాకు 2026 జనవరి నుంచి 2029 జనవరి, సరిపోతుంది. కానీ ఈలోపు అతన్ని ఎక్సెల్సియర్ లాంటి చోటికి ఒక సీజన్ లోన్ పంపితే, ఆ నెలలు ఇంగ్లాండ్ లెక్కలో పడవు.

పెనాల్టీ బాక్స్:

ఇది నేను ఆలోచించలేదు. అంటే పారట్‌కు మేలు చేసిన నెదర్లాండ్స్ లాంటి లోన్‌ను, 18కి వెళ్లినవాడికి 21 లోపు ఇవ్వడానికే క్లబ్ వెనకాడుతుంది. ఇంగ్లాండ్‌లోనే రెండో, మూడో డివిజన్‌కు పంపుతుంది, మళ్లీ ప్రెస్టన్ కథే. నా మాట ఇంతకు తగ్గించుకుంటున్నా: 18 దాకా ఇంట్లో ఉండటం మంచిదే, కానీ 18కి సంతకం చేసే కాగితంలో మొదటి లోన్ ఎక్కడికో, ఏ స్థానంలో ఆడటానికో కుర్రాడి వైపు మనిషి ముందే మాట్లాడుకోవాలి.

తొమ్మిదో నంబర్:

జనవరిలో వెనక్కి పిలిచే షరతు కూడా అడగాలి. ఆడించకపోతే ట్రాన్స్‌ఫర్ విండో (ఆటగాళ్లు క్లబ్ మారే గడువు) మూసేలోపు తెచ్చేసుకునేలా. అది లేకపోతే ఫిబ్రవరి నుంచి మే దాకా బెంచే.