60 లక్షల హోమ్ లోన్: 20 ఏళ్లా, 30 ఏళ్లా? చివరికి మన జేబులోంచి పోయేది ఎంత?

హిందూపురం_అబ్బాయి:

అందరికీ నమస్తే. ప్రస్తుతం బెంగళూరు మారతహళ్ళిలో 28 వేల అద్దెకు ఉంటున్నాం. బూదిగెరె క్రాస్ దగ్గర ఒక 2 బీహెచ్‌కే చూశాం, 1,200 అడుగులు, రెడీగా ఉంది, ఓసీ (కట్టడం పూర్తయింది, ఉండొచ్చు అనే సర్టిఫికెట్) కూడా వచ్చింది, ధర 80 లక్షలు. మా దగ్గర 20 లక్షలున్నాయి, మిగతా 60 లక్షలు లోన్. బ్యాంకు 7.5 శాతం ఫ్లోటింగ్ (మారుతూ ఉండే వడ్డీ) అంటోంది.

లోన్ ఏజెంటు ఏమంటాడంటే, "సార్, 20 ఏళ్లయితే ఈఎంఐ 48 వేలు, 30 ఏళ్లయితే 42 వేలు, నెలకు 6 వేలు మిగులుతుంది కదా, పైగా ట్యాక్స్ కలిసొస్తుంది, 30 ఏళ్లే పెట్టండి" అని. నా వయసు 31. మా ఆవిడేమో అంత కాలం అప్పా అంటోంది. మా నాన్నకి చెబితే అసలు లోనే వద్దు, ఊళ్లో స్థలం కొనమంటున్నాడు, ఆయన సంగతి వేరే. నాకు కావాల్సింది ఒక్కటే, ఈ రెంటిలో దేనికి అసలు ఖర్చు ఎంత పడుతుందో తెలిసినవాళ్లు విడమరిచి చెప్పండి. ఆన్‌లైన్ కాలిక్యులేటర్ చూశాను కానీ ఆ రంగుల బొమ్మ చూస్తే టెన్షన్ తప్ప ఏమీ అర్థం కాలేదు.

లెక్క_తేలాలి:

బ్రో, ఏజెంటు చెప్పిన 6 వేలు నిజమే, కానీ ఆ 6 వేలు ఎక్కడి నుంచి వస్తున్నాయో చూడు. 60 లక్షలకి 7.5 శాతం అంటే మొదటి నెల వడ్డీయే 37,500. అది 20 ఏళ్లకైనా 30 ఏళ్లకైనా మారదు. 20 ఏళ్లకి ఈఎంఐ 48,336, అందులో అసలుకి 10,836 పోతుంది. 30 ఏళ్లకి 41,953, అందులో అసలుకి పోయేది 4,453 మాత్రమే. అంటే నీకు మిగిలిందనుకుంటున్న 6 వేలు వడ్డీలో తగ్గినవి కావు, అసలు తీర్చకుండా ఆపిన డబ్బు.

ఐదేళ్ల తర్వాత పరిస్థితి చూస్తే ఇంకా బాగా అర్థమవుతుంది. 20 ఏళ్ల లోన్‌లో ఐదేళ్లకి 29 లక్షలు కట్టి ఉంటావు, అసలు తగ్గేది 7.86 లక్షలు. 30 ఏళ్ల లోన్‌లో 25 లక్షల పైచిలుకు కడతావు, అసలు తగ్గేది 3.23 లక్షలు! ఐదేళ్లకి ఏ హైదరాబాదుకో ట్రాన్స్‌ఫర్ అయి ఫ్లాట్ అమ్ముదామనుకుంటే అప్పుడు తెలుస్తుంది, అప్పు ఇంకా 56.77 లక్షలు అలాగే ఉంటుంది.

మొత్తం మీద 20 ఏళ్లకి వడ్డీ 56 లక్షలు, 30 ఏళ్లకి 91 లక్షలు. తేడా 35 లక్షలు. రేటు మారకపోతే ఈ లెక్క, మారుతుంది, దాని గురించి ఎవరైనా అనుభవం ఉన్నవాళ్లు చెబితే మంచిది.

ట్యాక్స్ కలిసొస్తుందన్నాడు చూడు, దాన్ని నమ్మొద్దు. నువ్వు కొత్త ట్యాక్స్ రెజీమ్‌లో (పన్ను పద్ధతిలో) ఉంటే సొంతంగా ఉండే ఇంటి వడ్డీకి ఒక్క రూపాయి మినహాయింపు లేదు. పాత రెజీమ్‌లో ఏడాదికి 2 లక్షల దాకా ఉంది, నీకు మొదటి ఏడాది వడ్డీ నాలుగున్నర లక్షల దాకా పడుతుంది, అంటే సగం కూడా లెక్కలోకి రాదు. పైగా ఆ 2 లక్షల కోసం పాత రెజీమ్‌కి పోతే మిగతాది నష్టమా లాభమా అని వేరే లెక్క. సొంతింటికి మారాక హెచ్‌ఆర్‌ఏ (జీతంలో ఇచ్చే ఇంటి అద్దె భత్యం) మీద మినహాయింపు కూడా పోతుంది కదా.

కుప్పం_టు_కేఆర్‌పురం:

అనుభవం ఉన్నవాళ్లు అన్నారు కాబట్టి రాస్తున్నా. మాది 2021 లోన్. రెపో రేటు (బ్యాంకులకి ఆర్‌బీఐ ఇచ్చే అప్పు మీద వడ్డీ) అప్పుడు 4 శాతం, హోమ్ లోన్లు ఎప్పుడూ లేనంత చవగ్గా దొరికాయి, మాకు 50 లక్షలు 6.8 శాతానికి వచ్చింది, 20 ఏళ్లు, ఈఎంఐ 38,167. 2022 మే నుంచి ఆర్‌బీఐ పెంచడం మొదలుపెట్టి 2023 ఫిబ్రవరికల్లా రెపోని 6.5కి తీసుకెళ్లింది. 2019 అక్టోబర్ నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ హోమ్ లోన్లన్నీ రెపో లాంటి బయటి రేటుకి ముడిపడి ఉండాలి కాబట్టి మొత్తం రెండున్నర శాతం మా మీదే పడింది, 9.3 అయింది.

ఈఎంఐ మాత్రం మారలేదు! నేను మొదట అబ్బా ఫర్వాలేదే అనుకున్నా. బ్యాంకు (పేరు వద్దులెండి) ఒక ఎస్సెమ్మెస్ పంపింది, మీ రేటు మారింది అని, అంతే. స్టేట్‌మెంట్ తీసి చూస్తే గడువు పెంచుకుంటూ పోయారు. లెక్క ఎలా ఉంటుందో చెప్తా, సులువుగా ఉండటానికి రెండేళ్లయ్యాక రేటు ఒకేసారి పెరిగిందనుకోండి. అప్పటికి మిగిలిన అప్పు సుమారు 47.5 లక్షలు, 9.3 శాతానికి నెల వడ్డీ దాదాపు 36,800. మనం కట్టే 38,167లో అసలుకి పోయేది 1,400 కూడా లేదు. ఇదే ఈఎంఐ కడుతూ పోతే మిగిలిన 18 ఏళ్లు కాస్తా దాదాపు 36 ఏళ్లవుతాయి. రిటైర్మెంట్ దాటి అంత దూరం ఇవ్వరు కాబట్టి వాళ్ల పరిమితి దాకా గడువు లాగి, తర్వాత ఈఎంఐ పెంచుతారు. అదే మొదట్లోనే ఈఎంఐని 45 వేల చిల్లరకి పెంచి ఉంటే 18 ఏళ్లు 18 ఏళ్లే ఉండేవి. ఆ 7 వేలు అప్పుడు కష్టమే, కానీ అడిగి ఉంటే ఎలాగో సర్దుకునేవాళ్లం, వాళ్లు అడగలేదు.

ఇప్పుడు కాస్త నయం. 2023 ఆగస్టులో ఆర్‌బీఐ రూల్ పెట్టింది, రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంచెం కొంచెమా అనేది మనల్ని అడగాలి, ఎంత మారుతుందో చెప్పాలి. కానీ మనం నోరు మూసుకుంటే ఎక్కువ చోట్ల గడువే పెరుగుతుంది. అందుకే రేటు పెరిగిన ప్రతిసారీ మెయిల్‌లో రాతపూర్వకంగా "గడువు అలాగే ఉంచండి, ఈఎంఐ పెంచండి" అని పెట్టండి.

ఇక తగ్గినప్పుడు. 2025లో రెపో 6.5 నుంచి 5.25కి దిగింది. కొత్తవాళ్లకి వెంటనే ఆఫర్లు. పాతవాళ్లకి రెపో తగ్గినంత తగ్గుతుంది కానీ మన స్ప్రెడ్ (రెపో మీద బ్యాంకు కలుపుకునే శాతం) పాతదే ఉంటుంది, కొత్తగా తీసుకున్న పక్కింటాయనకి అదే బ్యాంకులో మనకన్నా తక్కువ రేటు ఉంటుంది. అడిగితే కొంత ఫీజు తీసుకుని మారుస్తారు, అడగకపోతే ఎవరూ ఫోన్ చేసి చెప్పరు. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీల దగ్గర తీసుకుంటే ఇంకో విషయం, వాళ్లకి ఈ రెపో ముడి తప్పనిసరి కాదు, సొంత రేటు పెట్టుకుంటారు, తగ్గించడం వాళ్ల దయ.

ఎదురీత_75:

అందరూ వడ్డీ మొత్తం కూడి 56 లక్షలు, 91 లక్షలు అని భయపెడుతున్నారు. ఆ కూడిక తప్పు కాదు గానీ దాన్ని చూసి నిర్ణయం తీసుకోవడం తప్పు. 2046లో కట్టే రూపాయి, ఇవాళ కట్టే రూపాయి ఒకటేనా? ధరలు ఏటా 6 శాతం పెరుగుతాయనుకుంటే 20వ ఏట కట్టే 48 వేలు ఇవాళ్టి విలువలో 15 వేలు.

ఇంకోటి, అద్దెకి కూడా అదే పద్ధతిలో కూడి చూడండి మరి. 28 వేల అద్దె ఏటా 5 శాతం పెరిగితే 20 ఏళ్లకి 1.11 కోట్లు. లోన్‌లో అసలూ వడ్డీ కలిపి 1.16 కోట్లు. ఇల్లు కొనమని చెబుతున్నానని అనుకోవద్దు, ఎందుకంటే డౌన్ పేమెంట్‌గా పోయే 20 లక్షలు 7 శాతానికి 20 ఏళ్లు ఉంచితే పన్ను పోకముందు 77 లక్షలవుతుంది, ఆ ఖర్చు ఏ కాలిక్యులేటర్లోనూ కనపడదు. రెండు వైపులా లెక్కేయాలి అంటున్నా, అంతే.

30 ఏళ్ల గురించి నా అభిప్రాయం ఏమిటంటే తీసుకోవచ్చు. కానీ 20 ఏళ్ల ఈఎంఐ కట్టాలి. అంటే 41,953 ఈఎంఐగా పోతుంది, పైన 6,383 ప్రతి నెలా పార్ట్ పేమెంట్ (అసలులోకి అదనంగా కట్టేది). రేటు ఒకటే అయితే ఇది సరిగ్గా 20 ఏళ్లకే తీరుతుంది, పైసా ఎక్కువ పడదు. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ హోమ్ లోన్‌కి ముందుగా కట్టినందుకు పెనాల్టీ వేయడాన్ని ఆర్‌బీఐ ఎప్పుడో ఆపేసింది. మన ఐటీ ఉద్యోగాలు తెలిసినవే, రేపు లేఆఫ్ అయితే 48 వేలు కట్టడం కన్నా 42 వేలు కట్టడం తేలిక.

లెక్క_తేలాలి:

@ఎదురీత_75 అన్నా, కాగితం మీద మీరన్నది కరెక్టే. కానీ జీతం ధరలతో పాటు పెరుగుతుందని మీరు ముందే అనుకుంటున్నారు, పెరగని ఏళ్లు కూడా ఉంటాయి. ఆ 6,383 కూడా పండక్కి ఒకసారి ఆగుతుంది, పిల్లల స్కూల్ ఫీజుకి ఒకసారి ఆగుతుంది, తర్వాత మర్చిపోతారు. ప్రతి నెలా దానంతటదే కట్ అయ్యేలా బ్యాంకులో స్టాండింగ్ ఇన్‌స్ట్రక్షన్ పెట్టేస్తేనే ఒప్పుకుంటా. పెట్టాక కూడా, పార్ట్ పేమెంట్ చేసినప్పుడు గడువు తగ్గించాలా, ఈఎంఐ తగ్గించాలా అని అడుగుతారు, కొన్ని యాప్‌లలో ఈఎంఐ తగ్గించడమే ముందే టిక్ పెట్టి ఉంటుంది, అది చూసుకోవాలి.

జీతం పెరుగుతుందనే నమ్మకం ఉంటే 20 ఏళ్ల లోన్ తీసుకుని ఏటా ఈఎంఐ 5 శాతం పెంచుకోమనండి, 7.5 శాతం దగ్గర అది పన్నెండున్నర ఏళ్లకే తీరిపోతుంది. అంత వద్దంటే బోనస్ వచ్చినప్పుడు ఏడాదికి ఒక ఈఎంఐ అదనంగా కట్టినా మూడేళ్ల ముందు తీరుతుంది, వడ్డీ సుమారు 10 లక్షలు తగ్గుతుంది.

బెళ్ళందూరు_భవాని:

తమ్ముడూ, ఇక్కడ అందరూ ఈఎంఐ దగ్గరే ఆగిపోయారు. రిజిస్ట్రేషన్‌కి ఎంత పెట్టుకున్నావ్? కర్ణాటకలో నీ ధరకి స్టాంప్ డ్యూటీ, సెస్, సర్‌చార్జి కలిపి దాదాపు 5.6 శాతం, 2025 ఆగస్టు చివర్నుంచి రిజిస్ట్రేషన్ ఫీజు 1 శాతం కాస్తా 2 అయింది. మొత్తం 7.6, అంటే 80 లక్షలకి 6 లక్షల పైనే. దీనికి బ్యాంకు లోన్ ఇవ్వదు. నీ 20 లక్షల్లోంచే ఇది కూడా కడదామనుకుంటే కుదరదు, 30 నుంచి 75 లక్షల మధ్య లోన్‌కి ఇంటి విలువలో 80 శాతమే గరిష్ఠం, నీది ఇప్పటికే 75 శాతం దగ్గర ఉంది, ఇంకో 6 లక్షలు పెంచితే 80 దాటిపోతుంది. ఓసీ వచ్చింది కాబట్టి జీఎస్టీ 5 శాతం తప్పింది, అది పెద్ద ఊరట. ఓసీ కాగితం నువ్వు కళ్లతో చూశావా, సేల్స్ వాళ్లు చెప్పారా? ఈ-ఖాతా (ఆస్తి ఎవరి పేరున ఉందో చూపే ఆన్‌లైన్ రికార్డు) కూడా అడుగు.

తర్వాత మెయింటెనెన్స్. అడుగుకి 4 రూపాయలనుకుంటే 1,200 అడుగులకి నెలకు 4,800. పెరగకుండా అలాగే ఉన్నా 20 ఏళ్లకి 11.5 లక్షలు, పెరగకుండా ఉండదు. 2024 వేసవిలో మా అపార్ట్‌మెంట్‌లో నీళ్ల ట్యాంకర్ల ఖర్చు మెయింటెనెన్స్ మీద అదనంగా పడింది, ఆ నెలల్లో అసోసియేషన్ మీటింగులు చూడాలి, కొట్టుకోవడం ఒక్కటే తక్కువ. మీ వైపు కావేరి కనెక్షన్ ఉందో, బోరే ఆధారమో కనుక్కో. ఇవన్నీ అద్దె ఇంట్లో ఓనరు తలనొప్పి, సొంతిల్లయితే నీది.

హిందూపురం_అబ్బాయి:

అక్కా, ఓసీ కాపీ వాట్సాప్‌లో పంపారు, ఒరిజినల్ చూడలేదు, ఈ వారం అడుగుతా. రిజిస్ట్రేషన్‌కి 5 లక్షలే పక్కన పెట్టాం, ఇంకో లక్ష పైనే చూసుకోవాలన్నమాట.

కుప్పం అన్నా, స్ప్రెడ్ ఎంతో శాంక్షన్ లెటర్‌లో రాసి ఉంటుందా? ఇంకో సందేహం, ఆ లోన్ ఏజెంటు 62 లక్షలకి అప్లికేషన్ నింపాడు. 2 లక్షలు ఎందుకంటే లోన్ ప్రొటెక్షన్ అట, తప్పనిసరి అంటున్నాడు.

కుప్పం_టు_కేఆర్‌పురం:

రాసి ఉంటుంది. రెపో ఇంత, స్ప్రెడ్ ఇంత, ఎన్ని నెలలకొకసారి రీసెట్ (రెపోని బట్టి మన రేటు సరిచేయడం) అని ఉంటుంది. బ్యాంకులైతే కనీసం మూడు నెలలకొకసారి రీసెట్ చేయాలి. లెటర్‌తో పాటు కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ అడుగు, 2024 అక్టోబర్ నుంచి అది ఇచ్చి తీరాలి. అందులో ఏపీఆర్ అని ఒక శాతం ఉంటుంది, ప్రాసెసింగ్ ఫీజు, ఇన్సూరెన్స్, లీగల్ చార్జీలు అన్నీ కలిపిన రేటు. రెండు బ్యాంకుల్ని పోల్చాలంటే 7.5ని 7.5తో కాకుండా ఈ ఏపీఆర్‌ని ఏపీఆర్‌తో పోల్చు.

ఆ 2 లక్షలు చట్టప్రకారం తప్పనిసరి కాదు. అది సింగిల్ ప్రీమియం పాలసీ, అంటే ప్రీమియం మొత్తం ఒకేసారి కట్టే ఇన్సూరెన్స్, లోన్‌లో కలిపేస్తున్నాడు, కాబట్టి దానికీ 7.5 శాతం వడ్డీ నడుస్తుంది. 30 ఏళ్లకి ఆ 2 లక్షలకి నువ్వు కట్టేది 5 లక్షలు. పైగా వాటిలో చాలావాటిలో అప్పు తగ్గేకొద్దీ కవరేజీ తగ్గుతుంది. ఇంటి పెద్దకి ఏదన్నా అయితే అప్పు కుటుంబం మీద పడకూడదు, అది నిజమే, దానికి విడిగా టర్మ్ పాలసీ తీసుకో, నీ వయసుకి చవగ్గా వస్తుంది, ఇల్లు అమ్మినా, లోన్ వేరే బ్యాంకుకి మార్చినా పాలసీ నీతోనే ఉంటుంది. ఏజెంటుతో "తప్పనిసరి అని మెయిల్‌లో రాసి పంపండి" అను. పంపడు.