సవర కథతో స్క్రిప్ట్ రాశాను, డైలాగులు ఏ భాషలో పెట్టాలి?

కొండదారి: ఉండేది శ్రీకాకుళంలో, అమ్మ వాళ్లది సీతంపేట దగ్గర సవర గిరిజనుల గూడెం. అవ్వ చెప్పిన కథతో స్క్రిప్ట్ రాశాను, కంది కొత్తల పండగతో మొదలవుతుంది. నిర్మాతేమో డైలాగులన్నీ తెలుగులో పెట్టి, లొకేషన్ అరకుకి మార్చమంటున్నాడు. కథ చెప్పిన పెద్దలకి టైటిల్స్‌లో పేరు వెయ్యాలా, డబ్బు కూడా ఇవ్వాలా?

పాలకొండ బుల్లోడు: అరకు ఎందుకంటే అక్కడ రిసార్టులున్నాయి, అంతే. నేనొక సినిమాకి ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో చేశాను. సవరలు ఇంట్లో ఎర్రమట్టి గోడ మీద బియ్యప్పిండితో, పోయిన పెద్దల కోసం వేసే బొమ్మ ఉంటుంది చూడండి, దాన్ని నాచేత బార్ సీన్‌లో వెనక గోడకి వేయించారు. వద్దంటే "లుక్ బాగుంది కదా" అన్నారు. ఆ సీన్ టీవీలో వస్తే ఇప్పటికీ ఛానల్ మార్చేస్తాను.

రిటైర్డ్ మాస్టారు: సవరలోనే పెట్టు బాబూ. గిడుగు రామమూర్తి పంతులు గారు లిపి కూడా చేసి ఇచ్చారు కదా.

కురుపాం కుర్రాడు: లిపి ఆయన చెయ్యలేదు మాస్టారూ. సవరకి ఉన్న సోరా సొంపెంగ్ లిపి 1936లో మంగయి గొమాంగో చేసింది. పంతులు గారివి వ్యాకరణం, నిఘంటువు, బడి పుస్తకాలు.

రిటైర్డ్ మాస్టారు: ముప్పై ఏళ్లు ఏజెన్సీలో పాఠాలు చెప్పాను, నాకు చెప్తావేటి?

కురుపాం కుర్రాడు: చెప్పారు సరే, ఏ భాషలో? మా నాన్న సవరలో జవాబిస్తే బెంచీ ఎక్కించారు.

రిటైర్డ్ మాస్టారు: ఆ బడి నాది కాదు! తెలుగు రాకపోతే ఉద్యోగాలు ఎలా వస్తాయి?

సౌండ్ బాబాయ్: లిపి గొడవ ఆపండి, సినిమాలో వినబడేది మాట. సవర ముండా భాష, తెలుగుతో చుట్టరికమే లేదు. గొంతులో టక్కున ఆగే శబ్దం ఉంటుంది, మన డబ్బింగ్ వాళ్లకి నోరు తిరగదు. పదిహేనేళ్లుగా ఇదే పని చేస్తున్నా, రాసిపెట్టుకో: గూడెం వాళ్లచేతే నటింపజేసి అక్కడే రికార్డ్ చెయ్యి, జనరేటర్ మాత్రం కొండకి అవతల పెట్టు.

ఎర్రకాగడా: 1967లో గిరిజనుల మీద జరిగిన లేవిడి కాల్పులు లేకుండా ఆ కొండల కథేంటి?

కొండదారి: మా కథలో తుపాకీ లేదండీ. ఒక ముసలామె, ఒక జీలుగు చెట్టు. డబ్బు సంగతి ఎవరూ చెప్పలేదు.

పాలకొండ బుల్లోడు: అన్నట్టు సీతంపేట 2022 నుంచి పార్వతీపురం మన్యం జిల్లా, స్క్రిప్ట్‌లో సరిచూసుకో.

కురుపాం కుర్రాడు: షూటింగ్‌కి ముందే కాగితం రాయించి, అవ్వకి సవరలో చదివి వినిపించు. మా పెద్దమ్మ పాట రికార్డ్ చేసుకెళ్లినవాళ్లు ఒక చీర చేతిలో పెట్టి ఫొటో దిగారు. దానికి జాకెట్టు ముక్క కూడా లేదు.

రిటైర్డ్ మాస్టారు: లిపి సంగతి రేపు పుస్తకం చూసి చెప్తాను.