ఏళ్ల తరబడి తీసిన దృశ్యాలు ఎవరివి: కెమెరా పట్టినవారివా, పాడినవారివా?

టేపుపెట్టె:
హైదరాబాదులో మా మిత్రుల రాక్ బృందాన్ని 9 ఏళ్లు చిత్రీకరించాను. కచేరీలే కాదు, మేడ మీది గదిలో ఒక పల్లవి పదిసార్లు చెడి పదకొండోసారి కుదిరిన రాత్రులు కూడా. కెమెరా, హార్డ్‌డిస్కులు, ఆటో ఖర్చులు అన్నీ నావే. బృందం విడిపోయింది. ఇప్పుడు డిస్కులన్నీ ఇచ్చేయమంటున్నారు. ఇది న్యాయమేనా?

ఆరుతీగలు:
న్యాయమే. పాట వారిది, ముఖం వారిది, తగాదా వారిది. 1969 జనవరిలో ఇంగ్లండు రాక్ బృందం బీటిల్స్ సాధనను తీస్తున్న దర్శకుడు లిండ్సే-హాగ్ పూలకుండీలో మైకు దాచి, ఆ బృందంలోని జాన్, పాల్ తమలో తాము మాట్లాడుకున్నదాన్ని రికార్డు చేయించాడు. దాన్ని దొంగతనం అనక ఏమంటారు?

టేపుపెట్టె:
నేను పూలకుండీ పెట్టలేదు. నా కెమెరా అందరి ఎదుటే స్టాండు మీద ఉండేది. ఆ నెల తీసిన సుమారు 60 గంటల దృశ్యాలే లేకపోతే, పాల్ బేస్ గిటారు మీటుతూ కూనిరాగం తీస్తుండగా ఒక పాట పుట్టడాన్ని మనం చూసేవాళ్లమా? 1970లో వచ్చిన సినిమా గంటన్నర కూడా లేదు. అదే సరుకుతో 2021లో దర్శకుడు పీటర్ జాక్సన్ దాదాపు 8 గంటలు చూపించాడు. ఎవరో యాభై ఏళ్లు దాచబట్టే కదా!

కోర్టుమెట్లు:
మన 1957 కాపీరైటు చట్టంలో సినిమాకు కర్త నిర్మాత, అంటే పూనుకుని బాధ్యత తీసుకున్నవారు. పాట మీద హక్కు వేరు. ఒప్పందం రాసుకున్నారా?

టేపుపెట్టె:
స్నేహితుల మధ్య కాగితం ఎందుకు అనుకున్నాం.

ఆరుతీగలు:
పూలకుండీకి జవాబు రాలేదు. నేనూ గిటారు వాయించేవాడినే. ఒక మిత్రుడు ఏడాదిపాటు మమ్మల్ని తీశాడు. తప్పు స్వరం పలికితే అది శాశ్వతంగా ఉండిపోతుందన్న భయంతో కొత్తది ప్రయత్నించడమే మానేశాను. ఆ ఏడాది నేను ఒక్క పాటా కట్టలేదు.

వానచుక్క:
అమెరికా దర్శకురాలు ఆండి టిమోనర్ రెండు రాక్ బృందాలను 7 ఏళ్లు తీసింది. ఆ డాక్యుమెంటరీకి 2004లో సన్‌డాన్స్ చిత్రోత్సవంలో బహుమతి వచ్చింది. ఆ బృందాల్లో ఒకదాని నాయకుడు ఆంటన్ న్యూకోమ్ మాత్రం, సినిమా తనను తప్పుగా చూపిందని బహిరంగంగానే మండిపడ్డాడు.

టేపుపెట్టె:
మీ భయానికి నా మీద శిక్ష వేయకండి! 9 ఏళ్లలో ఒక్క ఆల్బమ్ అట్ట మీదా నా పేరు లేదు. ప్రతి దృశ్యంలో వారున్నారు, నేను లేను. డిస్కులు ఇచ్చేస్తే నేను ఆ గదిలో ఉన్నానని ఎవరు నమ్ముతారు? మొదట వారు అడిగింది ఒక్క టేపు చెరపమని. కుదరదన్నాను. అప్పుడే అన్నీ కావాలన్నారు.

ఆరుతీగలు:
ఈ మాట మొదటే ఎందుకు చెప్పలేదు? ఏముంది ఆ టేపులో?

టేపుపెట్టె:
తండ్రి పోయిన వారం మా గాయకుడు పాడలేక కూలబడిన రాత్రి.

వానచుక్క:
మెటాలికా రాక్ బృందం మీద డాక్యుమెంటరీ తీస్తున్నప్పుడు, గాయకుడు హెట్‌ఫీల్డ్ వ్యసన చికిత్స నుంచి తిరిగొచ్చాక, చిత్రీకరణ కొనసాగించాలా వద్దా అని అందరూ కూర్చుని మాట్లాడుకున్నారు.

ఆరుతీగలు:
కెమెరా ఆపమని ఆ రాత్రి ఎవరైనా అన్నారా?

టేపుపెట్టె:
అతనే అన్నాడు. ఆపలేదు. గంట తరువాత లేచి పాడాడు. వారి పాటలన్నిటిలోకీ గొప్ప పాట అదే. అదీ ఆ టేపులోనే ఉంది.