క్రాక్ చేసిన స్కానర్ సాఫ్ట్‌వేర్: చిన్న షెడ్డువాడికి వేరే దారి ఉందా?

ఆటోనగర్_తమ్ముడు:
విజయవాడ ఆటోనగర్‌లో నాది చిన్న షెడ్డు. బండిలో లోపం ఏంటో చదివే ఒరిజినల్ స్కానర్ ఒక్కో కంపెనీ బండికి ఒక్కోటి కొని, మళ్లీ ఏటా అప్‌డేట్‌కి డబ్బు కట్టాలంటే మనకు గిట్టదు. క్రాక్ సాఫ్ట్‌వేర్, డూప్లికేట్ కేబుల్ కలిపి చవగ్గా దొరుకుతున్నాయి. అసలు తప్పు కంపెనీలదే కదా? స్పేర్ పార్టులు, స్కానింగ్ టూల్స్ బయటి మెకానిక్‌లకు అందనివ్వట్లేదనే 2014లో కాంపిటిషన్ కమిషన్ 14 కార్ల కంపెనీలకు 2,544 కోట్ల జరిమానా వేసింది.

పాత_డీజిల్:
ఆ ఆర్డర్ టూల్స్ బయటివాళ్లకూ అమ్మమని కంపెనీలకు చెప్పింది తమ్ముడూ, దొంగ కాపీ వాడుకోమని నీకు చెప్పలేదు. కాపీరైట్ చట్టం 63బి సెక్షన్ చూడు. పైరసీ ప్రోగ్రామ్ అని తెలిసీ వాడితే 7 రోజుల నుంచి 3 ఏళ్ల దాకా జైలు, 50 వేల నుంచి 2 లక్షల దాకా జరిమానా. వ్యాపారానికి కాకుండా వాడినవాడికైతే కోర్టు జైలు తప్పించొచ్చు. షెడ్డు నడిపేవాడికి ఆ వెసులుబాటు లేదు.

ఆటోనగర్_తమ్ముడు:
ల్యాప్‌టాప్ తనిఖీకి షెడ్డుకొచ్చిన పోలీసుని నేనైతే చూళ్లేదన్నా.

ఈసీఎం_రిపేరు:
పోలీసుల సంగతి పక్కన పెట్టండి. నా టేబుల్ మీదికొచ్చే చచ్చిన ఈసీఎంల (ఇంజిన్‌ని నడిపే కంప్యూటర్ బాక్సుల) గురించి మాట్లాడదాం.

లోపం కోడ్ చదవడం వేరు, ఈసీఎంలో ప్రోగ్రామ్ రాయడం (ఫ్లాషింగ్) వేరు. చెక్ ఇంజిన్ లైటు కోడ్లు చాలావరకు అన్ని కంపెనీలకూ ఒకే స్టాండర్డ్. వాటికి క్రాక్ ఎందుకు? బండి సాకెట్లో గుచ్చే ఈఎల్ఎం327 అడాప్టరు, ఫోన్లో ఫ్రీ యాప్ చాలు. (మార్కెట్ నిండా "1.5 వెర్షన్" అని అమ్ముతారు, అసలు కంపెనీ ఆ వెర్షన్ చేయనే లేదు. అయినా చదవడానికి నడిచిపోతుంది.)

ఫ్లాషింగ్ దగ్గరే కొంప మునిగేది. సగంలో కేబుల్ హ్యాంగ్ అయినా, బ్యాటరీ వోల్టేజ్ పడిపోయినా బండి స్టార్టే అవదు. ఒరిజినల్ టూల్ అయితే అడగడానికి ఒక సపోర్టు ఉంటుంది. క్రాక్ ఇచ్చినవాడు ఫోనెత్తుతాడా? పైగా ఇన్‌స్టాల్ చేయాలంటే ముందు యాంటీవైరస్ ఆపమంటాడు. మీ జీఎస్టీ, బ్యాంకు లాగిన్లూ ఆ ల్యాప్‌టాప్‌లోనేగా?

డూప్లికేట్ కేబుల్ కథ ఇంకోటి. 2014 అక్టోబరులో విండోస్ అప్‌డేట్‌తో వచ్చిన ఎఫ్‌టీడీఐ (యూఎస్‌బీ చిప్‌లు చేసే కంపెనీ) కొత్త డ్రైవరు ఆ కంపెనీ చిప్‌లకు నకిలీల ఐడీని సున్నా చేసేసింది. ఆ నకిలీ చిప్‌లతో ముందురోజు దాకా పనిచేసిన కేబుళ్లు కంప్యూటర్‌కి కనబడడమే మానేశాయి.

కారు_ఓనరు:
నాదొక ప్రశ్న. నా బండికి క్రాక్ టూల్‌తో ఫ్లాష్ చేస్తున్నానని ముందే చెప్తారా? ఈసీఎం పోతే బిల్లు ఎవరిది?

ఆటోనగర్_తమ్ముడు:
చెప్తే ఎవరు చేయించుకుంటారండీ?

పాత_డీజిల్:
అదీ సంగతి. నలుగురు కలిసి ఒక ఒరిజినల్ మల్టీబ్రాండ్ స్కానర్ కొనుక్కోండి. ఫ్లాషింగ్ బయటికి పంపండి.

ఆటోనగర్_తమ్ముడు:
నలుగురం కలిస్తే అది ఎవరి షెడ్డులో ఉండాలని ముందు కొట్టుకుంటాం అన్నా. ఫ్లాషింగ్ బయటికే పంపుతాలే. కానీ పక్క షెడ్డువాడు అదే పని క్రాక్‌తో సగం రేటుకి చేసిస్తుంటే, నా దగ్గరికి ఎవరొస్తారో చెప్పు.