నేలటూరు థర్మల్ కేంద్రాన్ని దూరం నుంచి చిత్రీకరించడంలో సలహా కావాలి

నెల్లూరు జిల్లా ముత్తుకూరు మండలంలోని నేలటూరు దగ్గర, ఒక్కొక్కటి 800 మెగావాట్ల మూడు యూనిట్లతో నడుస్తున్న దామోదరం సంజీవయ్య థర్మల్ విద్యుత్ కేంద్రం చుట్టూ ఉన్న పరిసరాల మీద, వ్యాఖ్యానమూ ఇంటర్వ్యూలూ లేని ఒక పరిశీలనాత్మక డాక్యుమెంటరీ తీస్తున్నాను. కేంద్రం లోపలికి వెళ్లే ఉద్దేశం నాకు లేదు. వరిమడి గట్టు మీదనో, రొయ్యల చెరువు పక్కనో ట్రైపాడ్ నిలిపి, నాట్లు వేసే మనుషులూ వెనుక పొగగొట్టాలూ ఒకే ఫ్రేములో ఉండేలా, ఒక్కో షాట్ ఐదారు నిమిషాలు కదపకుండా తీయాలన్నది ఆలోచన.

నన్ను ఎక్కువగా వేధిస్తున్నది ఎండవేడికి పుట్టే గాలి అలలు. జూమ్ లెన్సుతో దూరం నుంచి తీస్తే పొద్దున తొమ్మిది దాటేసరికి పొగగొట్టాలు నీళ్లలో నీడలా వణుకుతున్నాయి. ఆ వణుకు ఒకటి రెండు షాట్లలో అందంగానే ఉంటుంది గానీ సినిమా అంతటా భరించలేం. తెల్లవారుజామున తీయడం, దగ్గరికి జరగడం తప్ప మరో మార్గం ఉందా?

రాత్రి దీపాల మినుకు మాత్రం సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ వేగం 1/50 సెకను పెట్టాక తగ్గింది.

శబ్దం సంగతి వేరు. సముద్రపు గాలి హోరులో చెరువుల ఏరేటర్ల (నీటిలో గాలి కలిపే యంత్రాల) మోత, కేంద్రం సన్నని గుంయ్‌కారం కలిసిపోతున్నాయి. మైకుకు బొచ్చు తొడుగు వేసినా చాలడం లేదు. వాటిని విడివిడిగా రికార్డు చేసి తర్వాత కలిపితే, పరిశీలనాత్మక పద్ధతికి అది ద్రోహమవుతుందా?

డ్రోన్ వాడను. అయితే ప్రజలు తిరిగే రోడ్డు మీద నుంచి తీయడానికి కూడా ముందుగా ఎవరి అనుమతి తీసుకోవాలో, ఇలాంటి చోట్ల పనిచేసిన అనుభవజ్ఞులు దయచేసి తెలుపగలరు.