అప్‌డేట్: టమాటా ఎండు తెగులు పరీక్షలో మొక్కలు ఎందుకు చావలేదంటే

ముందు అడిగింది ఇది: బాక్టీరియా ఎండు తెగులుకు టమాటా రకాలను వడకడుతుంటే, తెగులు తట్టుకోలేని చెక్ మొక్కల్లోనే (పోలిక కోసం పెట్టినవి, తప్పక చావాల్సినవి) సగం పచ్చగా నిలబడ్డాయి. చెక్ చావని పరీక్షలో మిగతా అంకెలకు విలువ లేదు కదా.

తప్పు రాల్‌స్టోనియా (ఈ తెగులు తెచ్చే బాక్టీరియా) కల్చర్‌లోనే ఉంది. అగర్ (బాక్టీరియాను పెంచే జెల్లీలాంటి పదార్థం) మీద పదే పదే మార్చి పెంచితే ఇది తెగులు కలిగించే శక్తి పోగొట్టుకుంటుంది. టెట్రాజోలియం అనే రంగు మార్చే రసాయనం కలిపిన మీడియం మీద పరిస్తే ఇట్టే తెలిసిపోతుంది. శక్తి ఉన్న కాలనీలు (బాక్టీరియా గుంపులు) జారుగా, తెల్లగా, మధ్యలో గులాబీ రంగుతో ఉంటాయి. శక్తి పోయినవి చిన్నగా, గుండ్రంగా, ముదురు ఎరుపు. పాత కల్చర్ పరిచిన ప్లేటులో దాదాపు అన్నీ ఎర్ర చుక్కలే! ఈసారి జారు కాలనీలనే ఏరి, గ్లిసరాల్‌లో మైనస్ 80 డిగ్రీల దగ్గర దాచడమైంది.

మళ్లీ పెట్టిన పరీక్షలో మిల్లీలీటరుకు సుమారు 10 కోట్ల కణాల ద్రావణం, 4 వారాల నారు, వేళ్లకు కత్తితో గాటు, గది 28–30 డిగ్రీలు. చల్లబడితే తట్టుకోలేని రకం కూడా తప్పించుకుంటుంది. ఈసారి చెక్ పూర్తిగా వాలిపోయింది, తెగులు తట్టుకునే రకం హవాయి 7996 నిలబడింది.

నీళ్లు చాలక వాడిందా, తెగులేనా అనే అనుమానం వస్తే కాండం అడ్డంగా కోసి, కోసిన కొన గ్లాసు నీళ్లలో ముంచండి. తెగులైతే కాసేపట్లో పాలలాంటి దారాలు కిందికి జారతాయి. ఒక మెలిక: నిలబడ్డ మొక్క కాండంలోనూ బాక్టీరియా ఉండొచ్చు. అందుకే పచ్చగా ఉన్నవాటి కాండం ముక్కలనూ ప్లేటు మీద పెంచి చూడాల్సిందే.