కింగ్ డే కార్యక్రమం: నాటిక, వంట, పనుల పంపకం

కల్చరల్ టీమ్: అందరికీ నమస్కారం. ఇక్కడ అమెరికాలో జనవరి మూడో సోమవారం, నల్లజాతి హక్కుల నేత మార్టిన్ లూథర్ కింగ్ పేరిట కింగ్ డే. మన కార్యక్రమం ముందురోజు, ఆదివారం. ఏటా పిల్లల చేత 1963 నాటి వాషింగ్టన్ ప్రసంగం అప్పజెప్పిస్తున్నాం. ఈసారి అలబామా రాష్ట్రంలోని మాంట్‌గోమరీ బస్సుల బహిష్కరణ మీద నాటిక వేద్దాం. ఆ పోరాటం వెనక ఎంత చాకిరీ ఉందో పిల్లలకు తెలియాలి.

1955 డిసెంబర్ 1న బస్సులో తెల్లవాళ్ల కోసం సీటు ఖాళీ చేయనందుకు నల్లజాతి మహిళ రోజా పార్క్స్ అరెస్టయ్యారు. ఆ రాత్రే జో ఆన్ రాబిన్సన్ తను పాఠాలు చెప్పే కాలేజీలో బస్సులెక్కొద్దంటూ వేల కరపత్రాలు సైక్లోస్టైల్ తీశారు. 5న మొదలైన బహిష్కరణ 381 రోజులు నడిచింది. నల్లజాతి టాక్సీ డ్రైవర్లు బస్సు చార్జీ లాగే పది సెంట్లు తీసుకుంటుంటే, 45 సెంట్లకు తగ్గకూడదని నగరం అడ్డుపడింది. దాంతో ఉద్యమంలో ఉన్నవాళ్లే సొంత కార్లు తీశారు. ఎవరు ఎక్కడ ఎక్కాలి, ఏ కారు ఎన్నింటికి, అంతా వలంటీర్లే చూసుకున్నారు. ఆ లిస్టులు రాసే బల్ల మన స్టేజీ మధ్యలో ఉండాలి.

ఒక్క మాట గట్టిగా చెబుతున్నా. ఎవరి ముఖానికీ నల్లరంగు పూయొద్దు. ఈ దేశంలో ఆ వేషంతోనే నల్లజాతివాళ్లను తరాల తరబడి వెక్కిరించారు. మెడలో పాత్ర పేరున్న కార్డు చాలు.

కిచెన్ టీమ్: అక్కా, జార్జియా గిల్‌మోర్ గారిని వదలొద్దు. ఆవిడ చికెన్, కేకులు వండి అమ్మి, ఆ డబ్బు ఉద్యమానికి ఇచ్చేవారు. బహిష్కరణ నడిపారని కింగ్ గారి మీద పెట్టిన కేసులో సాక్ష్యం చెప్పాక వంట ఉద్యోగం పోయింది. అయినా ఇంట్లోనే పొయ్యి వెలిగించారు. మా స్టాల్‌కు ఆవిడ పేరే పెడతాం.

కమిటీ పెద్దలు: బాగుందమ్మా. గాంధీగారి సీను ఒకటి పెట్టకూడదూ?

కల్చరల్ టీమ్: జేమ్స్ లాసన్ కథలో వస్తుంది బాబాయ్ గారూ. ఆయన నాగపూర్ హిస్లాప్ కాలేజీలో పనిచేస్తూ గాంధీగారి పద్ధతులు నేర్చుకున్నారు. తర్వాత నాష్‌విల్ విద్యార్థులకు శిక్షణ ఇచ్చారు. ఆ శిక్షణలో కొందరు తిడుతూ కుర్చీలోంచి తోసేస్తుంటే, మిగతావాళ్లు చెయ్యెత్తకుండా ఓర్చుకోవాలి. వాళ్లే 1960లో, తెల్లవాళ్లకే వడ్డించే లంచ్ కౌంటర్ల దగ్గర బైఠాయించారు. ఇది హైస్కూల్ పిల్లలకిద్దాం, తోసే పాత్రలు మాత్రం పెద్దలే వేయాలి.

ఇంకోటి. 1965కు ముందు భారత్ నుంచి అమెరికాకు వలస కోటా ఏడాదికి వందమందే. పౌరహక్కుల ఉద్యమ ఊపులోనే ఆ కోటాల్ని ఎత్తేసే చట్టం వచ్చింది. మనలో చాలామంది ఇక్కడ ఉన్నది దాని వల్లే. ఆ మాట మీరు చెబితే బాగుంటుంది.

కమిటీ పెద్దలు: తప్పకుండా చెబుతానమ్మా. మన హాలు పక్క చర్చి పాస్టర్ గారిని రిహార్సల్‌కే పిలుస్తాను, తేడాలుంటే ముందే తెలుస్తాయి. శనివారం హాలు తాళాలు ఎవరి దగ్గర ఉంటాయి?